విశ్వవిద్యాలయాల పేర్లు: చట్టంలో ఉన్నది రాయాలా, జనం నోట ఉన్నది రాయాలా?

సంచిక సంపాదకుడు (ప్రశ్న):
మా ఊరి ఉన్నత పాఠశాల పూర్వ విద్యార్థుల పరిచయాలతో ఒక సంచిక తెస్తున్నాము. ఎవరి పరిచయం వారే రాసి పంపడంతో ఒకే విశ్వవిద్యాలయం రకరకాల పేర్లతో కనిపిస్తోంది. గచ్చిబౌలిలో చదివిన ముగ్గురిలో ఒకరు ‘యూనివర్సిటీ ఆఫ్ హైదరాబాద్’ అని, ఒకరు ‘హెచ్‌సీయూ’ అని, ఇంకొకరు ఒట్టి ‘సెంట్రల్ యూనివర్సిటీ’ అని రాశారు. విజయవాడ హెల్త్ యూనివర్సిటీ విషయంలోనైతే పేరు మార్చితే ఊరుకోమని ఇరువైపుల నుంచీ ఫోన్లు వస్తున్నాయి. అధికారిక నామమే అంతటా వాడాలా, వాడుక పేరును ఉండనివ్వవచ్చా? అచ్చు పని తెలిసినవారు చెప్పగలరు.

పాత ప్రూఫ్‌రీడర్:
అధికారిక నామమే వాడండి. గచ్చిబౌలి సంస్థను 1974లో పార్లమెంటు చేసిన చట్టం ‘యూనివర్సిటీ ఆఫ్ హైదరాబాద్’ అనే పేర్కొన్నది; ‘సెంట్రల్’ అన్న మాట ఆ పేరులో ఏనాడూ లేదు. పైగా నేడు హైదరాబాదులోనే మౌలానా ఆజాద్ జాతీయ ఉర్దూ విశ్వవిద్యాలయం, ఇంగ్లిష్, విదేశీ భాషల విశ్వవిద్యాలయం (ఇఫ్లూ) కూడా కేంద్రీయ విశ్వవిద్యాలయాలే కనుక, ‘సెంట్రల్ యూనివర్సిటీ’ అంటే ఏదో బయటి ఊరి పాఠకుడు ఎలా పోల్చుకోగలడు? మా బంధువుల అబ్బాయి ఒకడు బయోడేటాలో ‘హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీ’ అని రాసుకుంటే, ధ్రువపత్రాలు తనిఖీ చేసే సంస్థవారు పట్టా మీద పేరు వేరుగా ఉందని వివరణ అడిగారు. సంచికకు అటువంటి చిక్కు రాదు గానీ, అచ్చయిన పేరును ముందు ముందు ఎవరో ఒకరు ఆధారంగా చూపుతారని మరువకండి.

నల్లగండ్ల నివాసి:
పై వారి మాటను సగమే ఒప్పుకుంటాను. ఆ సంస్థ మొదట ఆబిడ్స్‌లోని సరోజినీ నాయుడు గారి ఇల్లు ‘గోల్డెన్ త్రెషోల్డ్’లో నడిచింది. అప్పటికే నగరంలో 1918 నాటి ఉస్మానియా పాతుకుపోయి ఉన్నందున, ఒట్టి ‘హైదరాబాద్ యూనివర్సిటీ’ అంటే వినేవారికి ఉస్మానియాయే స్ఫురించే అవకాశం ఉండేది. జనం ‘సెంట్రల్’ అన్న మాటను పట్టుకోవడానికి అదే కారణమని నా అభిప్రాయం. 2025లో కంచ గచ్చిబౌలి భూముల వివాదం నడిచినన్నాళ్లూ పత్రికలలో, నినాదాలలో, చివరకు మంత్రుల ప్రకటనలలో సైతం ‘హెచ్‌సీయూ భూములు’ అన్న మాటే వినబడింది. అంతగా స్థిరపడిన పేరును తప్పుగా లెక్కగట్టి కొట్టివేస్తే మీ ఊరి పాఠకులకే అది ఏ విశ్వవిద్యాలయమో అర్థం కాదు. మొదటిసారి పూర్తి పేరు రాసి, పక్కనే ‘హెచ్‌సీయూగా ప్రసిద్ధం’ అని చేర్చండి.

లాం ఫారం పక్కవాడు:
మీరిద్దరూ గచ్చిబౌలి దగ్గరే ఆగిపోయారు. అంతకన్నా పెద్ద చిక్కు కాలంతో వస్తుంది. 1964లో ఏర్పడిన ఆంధ్రప్రదేశ్ వ్యవసాయ విశ్వవిద్యాలయానికి 1996లో ఆచార్య ఎన్.జి. రంగా గారి పేరు పెట్టారు. 2014లో రాష్ట్రం విడిపోయాక రాజేంద్రనగర్ ప్రాంగణం ప్రొఫెసర్ జయశంకర్ గారి పేరిట తెలంగాణకు చెందింది. రంగా గారి పేరు మాత్రం మా గుంటూరు లాంకు వచ్చింది. కాబట్టి 2000లో రాజేంద్రనగర్‌లో బీఎస్సీ అగ్రికల్చర్ పూర్తిచేసిన వ్యక్తి పట్టా మీద ఉన్నది రంగా గారి పేరే. ఆయన చదివిన భవనాలు నేడు జయశంకర్ విశ్వవిద్యాలయంలో ఉన్నాయి కదా అని ఆ పేరు తగిలిస్తే అది దిద్దుబాటు అనిపించుకోదు, చరిత్రను తారుమారు చేయడమే.

హెల్త్ యూనివర్సిటీ సంగతి మరీ విచిత్రం. 1986లో రాష్ట్రం పేరుతో మొదలై, 1998లో ఎన్టీఆర్ పేరు పొంది, 2022లో వైఎస్ఆర్ పేరుకు మారి, 2024లో తిరిగి ఎన్టీఆర్ పేరుకు వచ్చింది. ఈ మార్పులన్నింటిలోనూ బెజవాడ వాళ్లు ‘హెల్త్ యూనివర్సిటీ’ అనే అంటూ వచ్చారు. స్థిరత్వమే కొలమానమైతే ఇక్కడ గెజిట్ కంటే ఆటోవాలా మాటకే ఎక్కువ మార్కులు పడతాయి. మీకు ఫోన్ చేసేవారితో పార్టీల చర్చ పెట్టుకోకుండా, పట్టా మీద ఏ పేరుంటే ఆ పేరే వేస్తామని చెప్పండి.

సంచిక సంపాదకుడు:
ధన్యవాదాలు. లాం మిత్రుడు చెప్పిన పద్ధతిలో పరిచయాలు మళ్లీ చూస్తుంటే ఒకటి దొరికింది. గుంటూరు వైద్య కళాశాలలో 1979లో ఎం.బి.బి.ఎస్. పూర్తిచేసిన ఒక పెద్దాయన వివరాలను వారి మనుమరాలు పంపుతూ ‘ఎన్టీఆర్ హెల్త్ యూనివర్సిటీ’ అని రాసింది. అప్పటికి ఆ విశ్వవిద్యాలయమే లేదు కదా! పట్టా నకలు పంపమని అడిగాను. అయితే తెలుగు విశ్వవిద్యాలయం వంటి వాటికి ఏం చేయాలి? అక్కడ ఎం.ఏ. చేసినవారు పొట్టి శ్రీరాములు గారి పేరుతోనే రాశారు, తెలంగాణలో 2025లో సురవరం ప్రతాపరెడ్డి గారి పేరు పెట్టారు.

పాత ప్రూఫ్‌రీడర్:
చదువు ముగించిన నాటి పేరే ఉంచండి. ‘ప్రస్తుతం సురవరం ప్రతాపరెడ్డి తెలుగు విశ్వవిద్యాలయం’ అని మొదటి ప్రస్తావన దగ్గర ఒక్కసారి చెబితే చాలు. అదే వ్యక్తి ఇప్పుడు అక్కడ పనిచేస్తుంటే మాత్రం ఉద్యోగం దగ్గర కొత్త పేరు రావాలి. ఇఫ్లూలో 2007కు ముందు చదివినవారు ‘సీఫెల్’ అని రాస్తే దిద్దకండి, అప్పుడు దాని పేరు అదే. నల్లగండ్ల వారు అన్నట్లు వాడుక పేరును పక్కన చేర్చడానికి నాకు అభ్యంతరం లేదు గానీ, అది పట్టా మీది పేరు స్థానంలోకి మాత్రం రాకూడదు. చివర అకారాది సూచిక పెడుతున్నట్లయితే ‘హెచ్‌సీయూ’ దగ్గర ‘యూనివర్సిటీ ఆఫ్ హైదరాబాద్ చూడండి’ అని ఒక పంక్తి వేయండి. దరఖాస్తుల జాబితాలలో ‘హ’ కింద వెతికి, దొరక్క, చివరకు ‘యూ’ కింద పట్టుకున్నవారు నాకు చాలామంది తెలుసు.