మే నెలలో కస్టర్డ్ కేక్ ఆర్డర్: గుడ్డు కస్టర్డ్ పెట్టాలా, పౌడర్ కస్టర్డ్ పెట్టాలా?

పటమట_ఓవెన్
అందరికీ నమస్కారం. నేను విజయవాడ పటమటలో ఇంట్లోనే కేకులు చేసి అమ్ముతాను. ఈ నెలాఖర్లో గుంటూరు లక్ష్మీపురంలో ఒక నిశ్చితార్థానికి మూడు కేజీల కేక్ ఆర్డర్ వచ్చింది. పెళ్లికూతురు జర్మనీలో చదువుకుందట, అక్కడ తిన్న బీనెన్‌ష్టిష్ కావాలంటోంది. తెలియనివాళ్ల కోసం చెప్తున్నాను. రెండు పొరల మధ్య మందంగా వెనీలా కస్టర్డ్ ఉంటుంది. వెన్న, పంచదార, తేనె, క్రీమ్ కలిపి కాచిన పాకంలో బాదం పలుకులు వేసి, పైన పరిచి ఓవెన్‌లో ఎర్రగా కాలుస్తారు. అక్కడ ఈస్ట్ పిండితో చేస్తారు, వీళ్లకి మాత్రం మెత్తగా స్పాంజ్‌తోనే కావాలట.

స్పాంజ్ గురించి నాకు టెన్షన్ లేదు. నా ప్రశ్న కస్టర్డ్ గురించే. బయట 44 డిగ్రీలు ఉంటోంది. గుడ్డు కస్టర్డ్ ఎండకి ఆగదు, పౌడర్‌తో చేస్తే ఆగుతుందని నా నమ్మకం. మీరేమంటారు?

కానూరు_కిచెన్
పౌడరే. ఆలోచించొద్దు.

బ్రాడీపేట_మాస్టారు
అమ్మా, ఆ పిల్ల జర్మనీలో తిన్న కేక్ అడిగింది. మీరు పౌడర్ కస్టర్డ్ పెడితే రంగు వస్తుంది, వాసన వస్తుంది, రుచి రాదు. పచ్చసొనతో చేస్తే నోట్లో వెన్నలా జారుతుంది, పౌడర్‌తో చేస్తే చల్లారాక జెల్లీలా ఎగురుతుంది.

నా కొలతలు ఇవి. అర లీటరు ఫుల్ క్రీమ్ పాలు, నాలుగు పచ్చసొనలు, వంద గ్రాముల పంచదార, 40 గ్రాముల కార్న్‌ఫ్లోర్, చివర్లో 40 గ్రాముల వెన్న. చాలామంది గుడ్డు విరిగిపోతుందని భయపడి, చిక్కబడగానే దింపేస్తారు. తంటా అక్కడే. పచ్చసొనలో ఎమిలేజ్ అనే ఎంజైమ్ ఉంటుంది, అది పిండిపదార్థాన్ని కరిగించేస్తుంది. కస్టర్డ్ బుడగలు వచ్చి ఉడకకపోతే అది చావదు. రాత్రి గట్టిగా ఉన్న కస్టర్డ్ పొద్దున్నకి నీళ్లవుతుంది. కార్న్‌ఫ్లోర్ ఉంది కాబట్టి ఉడికించినా గుడ్డు విరగదు. బుడగలు మొదలయ్యాక ఒకటి రెండు నిమిషాలు కలుపుతూ ఉడికించి, వెడల్పు పళ్లెంలో పోసి, పైన కవరు అంటేలా కప్పి, వెంటనే ఫ్రిజ్‌లో పెట్టండి. మీగడ కట్టదు.

కెమిస్ట్రీ చెప్పి రిటైరైనవాణ్ణి. ఓవెన్ ముందు కూడా చాలాకాలమే నిలబడ్డాను.

వేటపాలెం_అల్లుడు
అసలు బాదం ఎందుకండీ? మా అత్తగారి ఊళ్లో ఇంటింటికీ జీడిపప్పు పనే. బద్దలు తెచ్చి వేస్తే బాదం కన్నా కమ్మగా ఉంటుంది, మన రుచి కూడా.

సత్యనారాయణపురం_కోడలు
నిశ్చితార్థం అంటున్నారు కదా, పెద్దవాళ్లు వస్తారు. స్పాంజ్‌లో గుడ్డు ఉందని వాళ్లకి చెప్తున్నారా? మా మరిది ఫంక్షన్‌లో ఎగ్‌లెస్ అని చెప్పి తెచ్చిన కేక్‌లో గుడ్డు ఉందని తర్వాత తెలిసింది. మా అత్తగారు అప్పటికే తినేశారు. ఆవిడ నోరెత్తలేదు, కానీ ఆ రోజు రాత్రి అన్నం ముట్టలేదు. కస్టర్డ్ సంగతి తర్వాత, ముందు ఇది తేల్చండి.

పటమట_ఓవెన్
కోడలు గారూ, ఆర్డర్ ఇచ్చినవాళ్లకి స్పాంజ్‌లో గుడ్డు ఉంటుందని ముందే చెప్పాను. గుడ్డు తిననివాళ్ల కోసం విడిగా చిన్న కేక్ కూడా చేస్తున్నాను. గుడ్డు ఉంటే బాక్స్ మీద శాకాహారం గుర్తైన ఆకుపచ్చ చుక్క పెట్టకూడదు, గోధుమరంగు త్రికోణం పెట్టాలి. నేను పెడతాను. ఆ విషయంలో నన్ను అనుమానించక్కర్లేదు.

మాస్టారూ, పౌడర్‌ని అంత చులకన చేయకండి. 1837లో బర్మింగ్‌హామ్‌లో ఆల్ఫ్రెడ్ బర్డ్ అనే మందుల షాపాయన భార్యకి గుడ్డు పడక, ఆమె కోసం కార్న్‌ఫ్లోర్‌తో కస్టర్డ్ పౌడర్ తయారుచేశాడు. భార్య కూడా అందరితోపాటు తినాలని చేసినది నకిలీ ఎలా అవుతుంది? మీ లెక్కలో కూడా 40 గ్రాముల కార్న్‌ఫ్లోర్ ఉంది కదా. నేను పౌడర్‌తో చేసి, చల్లారాక వెన్న వేసి బాగా గిలక్కొట్టి, చివర్లో చిలికిన క్రీమ్ కలుపుతాను. జెల్లీలా ఉండదు.

అసలు సంగతి ఎండ. దాని గురించి మీరు ఒక్క ముక్క కూడా చెప్పలేదు.

వేటపాలెం_అల్లుడు
నా ప్రశ్నకి ఎవరూ జవాబు చెప్పలేదు. బాదం పలుకుల ధర చూశారా?

కొత్తపేట_నివాసి
ఎండ సంగతి నేను చెప్తాను. మా బాబు మొదటి పుట్టినరోజుకి గుంటూరులోనే ఒక షాపు నుంచి కస్టర్డ్ కేక్ తెచ్చాం. బంధువులు ఆలస్యంగా వచ్చారు, కేక్ టేబుల్ మీదే ఉంది. కోసినప్పుడు కొంచెం పులుపు తగిలింది, పైనాపిల్ ఫ్లేవర్ అనుకున్నాం. రాత్రికి ముగ్గురు పిల్లలకి వాంతులు. షాపతన్ని అడిగితే, ఎగ్‌లెస్ కేకండీ, పాడవదు అన్నాడు. పౌడర్ కస్టర్డే అది.

బ్రాడీపేట_మాస్టారు
చూశారా అమ్మా. పౌడర్ ఎండకి ఆగుతుందన్న మీ నమ్మకం దగ్గరే నా అభ్యంతరం.

గుడ్డులో ఉండే సాల్మొనెల్లా అనే బ్యాక్టీరియా గురించి అందరికీ భయం. కస్టర్డ్‌ని బుడగలు వచ్చేదాకా ఉడికిస్తే అది చస్తుంది. చావనిది వేరే ఉంది. బాసిల్లస్ సీరియస్ అనే ఇంకో బ్యాక్టీరియా, పిండిపదార్థాల్లో, పాలల్లో మామూలుగానే ఉంటుంది. దాని బీజాలు మరిగించినా బతుకుతాయి. వెచ్చగా వదిలేస్తే మొలకెత్తి, పెరిగి, విషం వదులుతాయి. వాంతులు తెప్పించే ఆ విషం మళ్లీ వేడిచేసినా పోదు. ఇక స్టాఫిలోకోకస్ అనే బ్యాక్టీరియా మన చేతుల మీద, ముక్కులో ఉంటుంది. ఉడికి చల్లారిన కస్టర్డ్‌లో గరిటె పెట్టినా, కేక్ మీద పరిచినా చేరొచ్చు. పాలు, పంచదార, పిండి, తేమ అన్నీ ఉన్న కస్టర్డ్ దానికి మంచి మేత. పచ్చసొన ఉందా లేదా అని అది చూడదు.

చల్లగా తినేవి 5 డిగ్రీల లోపు ఉండాలి. బయట రెండు గంటలకి మించి ఉంచొద్దని, వేడి 32 డిగ్రీలు దాటితే ఒక గంటే అని అమెరికా వ్యవసాయ శాఖ చెప్తుంది. మన ఊళ్లో రాత్రి తొమ్మిదింటికి కూడా 32 దాటే ఉంటుంది.

పటమట_ఓవెన్
అంటే ఏమంటారు? ఆర్డర్ వద్దనమంటారా?

బ్రాడీపేట_మాస్టారు
అవును. ఏప్రిల్, మే నెలల్లో కస్టర్డ్ నింపిన కేక్ ఇంటి నుంచి అమ్మకూడదు. ఇంట్లో చేసుకుని, ఫ్రిజ్‌లోంచి తీసి తినండి, ఎవరూ కాదనరు.

పటమట_ఓవెన్
మాస్టారూ, మీరు పెద్దవారు, అయినా ఈ మాట అనక తప్పదు. మీకు ఒకటో తారీఖున పెన్షన్ పడుతుంది. నాకు పెళ్లిళ్లు ఉంటేనే డబ్బు. మన పెళ్లి ముహూర్తాలు ఎండల్లోనే వస్తాయి. ఆషాఢం వచ్చాక ఎవరు పిలుస్తారు? మా పాప కాలేజీ ఫీజు జూన్‌లో కట్టాలి. ఆహార భద్రత సంస్థ ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ రిజిస్ట్రేషన్ ఉంది, చేతులకి గ్లవ్స్ వేసుకుంటాను, ఇంకో ఫ్రిజ్ కూడా కొన్నాను. పెద్ద షాపులు మేలో కస్టర్డ్ పేస్ట్రీలు అద్దాల్లో పెట్టి అమ్ముతుంటే వాళ్లని ఎవరూ అడగరు. ఇంట్లో చేసుకునే ఆడవాళ్లం దొరికితే మాత్రం అందరూ నీతులు చెప్తారు.

మొదట పచ్చసొన అన్నారు. ఇప్పుడేమో పచ్చసొనైనా పౌడరైనా ఒకటే, అసలు అమ్మొద్దు అంటున్నారు. ఆ మాట మొదటే ఎందుకు చెప్పలేదు?

కానూరు_కిచెన్
అక్కా కరెక్ట్. ఇంట్లో చేసేవాళ్లంటే అందరికీ లోకువే.

కొత్తపేట_నివాసి
మేము లోకువ చేయడం లేదు. ఆ రాత్రి సెలైన్ ఎక్కించుకున్నది మా పిల్లలు. ఫీజు కట్టడం మీ అవసరం, నిజమే. కానీ ఆ అవసరం కోసం ఇంకొకరి పిల్లలు ఇబ్బంది పడకూడదు.

మోడరేటర్
వ్యక్తిగత విషయాలు, పెన్షన్లు, ఫీజులు వదిలేసి కేక్ గురించి మాట్లాడండి.

సత్యనారాయణపురం_కోడలు
మోడరేటర్ గారూ, వదిలేయడానికి లేదు. వీళ్ల గొడవ కస్టర్డ్ మీద కాదని ఇప్పుడే కదా తెలిసింది. గుమ్మం దాటాక కేక్ ఎలా ఉంటుందో దానికి బాధ్యత ఎవరిది? చేసినావిడదా, కొన్నవాళ్లదా? తేలాల్సింది అది.

పటమట_ఓవెన్
నేను ఇచ్చేటప్పటికి చల్లగానే ఉంటుంది. ఆ తర్వాత వాళ్లు టేబుల్ మీద పెట్టి ఫొటోలు తీసుకుంటూ మూడు గంటలు కూర్చుంటే నేనేం చేయను? చీటీ మీద రాసిస్తాను, ఫోన్ చేసి కూడా చెప్తాను. అంతకు మించి నా చేతిలో లేదు.

బ్రాడీపేట_మాస్టారు
చీటీ ఎవరూ చదవరమ్మా. నిశ్చితార్థంలో పంతులుగారు ఆలస్యం, వియ్యంకులు ఆలస్యం. మన ఇళ్లల్లో కేక్ చెప్పిన టైమ్‌కి కోస్తారని మీరూ అనుకోరు. ఆ సంగతి తెలిసి అమ్ముతున్నప్పుడు బాధ్యత మీదే. ఇంట్లో చేసేవారైనా, పెద్ద షాపైనా నా మాట ఇదే.

ఇంకో ఇబ్బంది కూడా ఉంది. కస్టర్డ్‌కి చల్లదనం కావాలి, తేనె పాకంలో కాల్చిన పై పొరకి పొడిదనం కావాలి. ఫ్రిజ్‌లో పెడితే ఆ పొర చెమ్మ పట్టి, జిగురుగా అయి, చేతికి అంటుకుంటుంది. బయట పెడితే కస్టర్డ్ పాడవుతుంది. రెండింటినీ కలిపి గంట పైన పట్టే దారి తీసుకెళ్లే కేక్ కాదు ఇది.

మంగళగిరి_రోడ్డు
అయితే కలపకుండా తీసుకెళ్లండి. మాది కేటరింగ్. చల్లగా ఉండాల్సినవి ఐస్ పెట్టెలో విడిగా వేసుకెళ్లి, వడ్డించే ముందు అక్కడే కలుపుతాం. స్పాంజ్ డబ్బాలో, పై పొర గాలి చొరని ఇంకో డబ్బాలో, కస్టర్డ్ క్రీమ్ కోన్‌లో నింపి ఐస్ పెట్టెలో పెట్టండి. మీరే వెళ్లి, కోసే అరగంట ముందు పరిచి, పై పొర పెట్టి రండి. రాకపోకలకి, అక్కడ ఉన్నందుకు విడిగా డబ్బులు అడగండి. ఇస్తారు.

కానూరు_కిచెన్
ఇది బాగుంది. ఐస్ పెట్టెలో చిన్న థర్మామీటర్ పడేయండి, 5 దాటిందా లేదా మీకే తెలుస్తుంది.

వేటపాలెం_అల్లుడు
మరి జీడిపప్పు?

బ్రాడీపేట_మాస్టారు
బాబూ, జీడిపప్పు వేయొచ్చు. బాదం కన్నా అందులో పిండి, చక్కెర ఎక్కువ కాబట్టి ముందే రంగు తిరుగుతుంది. పైగా పాకంలో తేనె ఉంది, అదీ తొందరగా మాడుతుంది. స్పాంజ్ ముప్పాతిక వంతు ఉడికి పైన గట్టిపడ్డాకే పాకం పరచాలి. పచ్చి పిండి మీద పోస్తే కిందకి దిగిపోతుంది. ఓటీజీ, అంటే ఇంట్లో వాడే చిన్న కరెంటు ఓవెన్ అయితే పై రాడ్ ఆపేసి, చివరి రెండు మూడు నిమిషాలకే వేసి, ఎదురుగా నిలబడి చూడాలి. బద్దలు కాదు, పల్చగా తరిగిన పలుకులు వేయండి.

పటమట_ఓవెన్
ఆర్డర్ వాళ్లతో మాట్లాడాను. నేను ముందే వచ్చి అక్కడే కలుపుతానంటే సంతోషంగా ఒప్పుకున్నారు. వాళ్లింటి ఫ్రిజ్‌లో ఒక అర ఖాళీ చేసి ఇస్తామన్నారు. వెళ్లి రావడానికి, అక్కడ పనికి డబ్బు విడిగా చెప్పాను, బేరం ఆడలేదు. కస్టర్డ్ పచ్చసొనతోనే చేస్తాను మాస్టారూ. ఆ పిల్ల అక్కడి రుచి అడిగింది కాబట్టి చేస్తున్నాను, మీరు గెలిచారని కాదు. గుడ్డు తిననివాళ్ల చిన్న కేక్‌లో పౌడరే.

ఇకమీదట మేలో కస్టర్డ్ ఆర్డర్లు తీసుకోనని మాత్రం మాట ఇవ్వను.

బ్రాడీపేట_మాస్టారు
నేను అడిగింది ఆ మాటే. ఈసారి మీరు పక్కన ఉంటారు కాబట్టి సరే. రేపు ఒకే రోజు నాలుగు ఆర్డర్లు వస్తే నాలుగు ఇళ్లకీ వెళ్లి నిలబడతారా? అప్పుడు డెలివరీ అబ్బాయి చేతికిచ్చి పంపుతారు. నా అభ్యంతరం అలాగే ఉంది.

పటమట_ఓవెన్
నాలుగు వస్తే రెండు వదులుకుంటాను. అది నా లెక్క. మీకు చెప్పాల్సిన పని లేదు.

కొత్తపేట_నివాసి
వదులుకుంటానన్నారు కదా, నాకు అది చాలు.

లబ్బీపేట_కొత్త
వెనకనుంచి అడుగుతున్నాను. పై పొర పెట్టాక కోస్తే కస్టర్డ్ అంతా పక్కలనుంచి బయటకి వచ్చేస్తోంది నాకు. ఏం చేయాలి?

పటమట_ఓవెన్
పై పొరని కస్టర్డ్ మీద పెట్టకముందే ముక్కలుగా కోసేయాలి. ఓవెన్‌లోంచి తీసి స్పాంజ్‌ని అడ్డంగా కోసి పై సగం విడదీశాక, పాకం ఇంకా గోరువెచ్చగా ఉన్నప్పుడే రంపం లాంటి పళ్లున్న కత్తితో ముక్కలు గీసి కోసేయండి. పూర్తిగా చల్లారితే గాజులా పగులుతుంది. ఆ ముక్కల్ని వరసగా కస్టర్డ్ మీద పేర్చండి. తర్వాత ఆ సందుల్లోంచి కత్తి కిందకి దించితే చాలు, నొక్కాల్సిన పని ఉండదు.