సూపర్‌మ్యాన్ మళ్లీ నడుస్తాననడం తప్పా?

వేళచ్చేరి వేణు:
నిన్న రాత్రి 1978 నాటి సూపర్‌మ్యాన్ మళ్లీ చూశాను. హీరో క్రిస్టఫర్ రీవ్ 1995 మేలో వర్జీనియాలో గుర్రం మీంచి పడ్డాడు. కంచె దూకాల్సిన గుర్రం ఆగిపోతే ఈయన తలకిందులుగా పడి మెడ పైపూసలు రెండూ విరిగాయి. మెడ కింద కదలిక లేదు, ఊపిరికి వెంటిలేటర్. అయినా 1997లో డైరెక్షన్ చేశాడు. 1998లో 'రియర్ విండో' టీవీ రీమేక్‌లో వీల్‌చెయిర్‌లోనే నటించి అవార్డు తెచ్చుకున్నాడు. వెన్నుపాము పరిశోధనకి నిధులు పోగుచేశాడు. ఇంత చేసినా కొందరు వికలాంగ హక్కుల వాళ్లే ఆయన్ని తప్పుపట్టారట. ఎందుకో అర్థం కాలేదు.

సూళ్లూరుపేట శీను:
నా చిన్నప్పటి దేవుడు. తిట్టినవాళ్లకి పనీపాటా లేదు.

నాలుగు చక్రాలు:
పనుంది శీనూ. పదకొండేళ్లుగా కుర్చీలో ఉన్నవాణ్ణి చెబుతున్నా. యాభై నిండేలోగా లేచి నడుస్తానన్నాడు ఆయన. 2000లో అమెరికా ఫుట్‌బాల్ ఫైనల్ సూపర్ బౌల్ మ్యాచ్ మధ్య వచ్చిన ఒక ప్రకటనలో గ్రాఫిక్స్‌తో ఆయన్ని నడిపించారు కూడా. నిజమే అనుకున్నవాళ్లున్నారు. అంత పేరున్న మనిషి ర్యాంపు అడిగితే ర్యాంపు వస్తుంది. మందు అడిగితే, అది వచ్చేదాకా మేమెక్కడుండాలి? 2022 నవంబరులో మన మెరీనాలో ఇసుక మీద చెక్కదారి వేశారు కదా. దాని మీద చివరిదాకా వెళ్లాను. నీటి తుంపర కళ్లజోడు మీద పడితే తుడుచుకోకుండా అలాగే కూర్చున్నా. రెండు వారాలు తిరక్కుండా మాండూస్ తుపానుకి కొంత కొట్టుకుపోయింది, తర్వాత బాగుచేశారనుకోండి. నాకు కావాల్సింది ఆ దారి. అద్భుతం కాదు.

కోడంబాక్కం పాతకాపు:
ఆ ప్రకటనకి డబ్బు పుచ్చుకున్నాడా లేదా? ముందు అది తేల్చండి. మన సుధా చంద్రన్ గారిని చూడండి. 1981లో తిరుచ్చి దగ్గర బస్సు ప్రమాదంలో కాలు పోతే జైపూర్ కాలు పెట్టుకుని నాట్యం చేశారు. సింగీతం గారు ఆవిడ కథనే ఆవిడతోనే 'మయూరి'గా తీశారు. ఎక్కడా గోల లేదు.

నాలుగు చక్రాలు:
గోల లేదా సార్? ఎయిర్‌పోర్టులో ప్రతిసారీ ఆ కాలు విప్పమంటున్నారని 2021లో ప్రధానికి వీడియోలో మొరపెట్టుకున్నది ఆవిడేగా. అయినా కాలు వేరు, మెడ వేరు.

కోడంబాక్కం పాతకాపు:
నేనడిగింది డబ్బు సంగతి.

పెరంబూర్ పద్మజ:
మావారు గోదాములో పైనుంచి పడ్డారు. నడుము కింద స్పర్శ లేదు. రాత్రిళ్లు రెండు గంటలకోసారి అలారం పెట్టుకుని ఆయన్ని పక్కకి తిప్పుతాను. తిప్పిన ప్రతిసారీ తుంటి దగ్గర టార్చి వేసి చూస్తాను. ఎర్రబడితే పుండుకి మొదలే. రీవ్‌కి చుట్టూ నర్సులుండేవాళ్లు. ఆయన్నీ 2004లో అలాంటి పుండు ఇన్‌ఫెక్షనే తీసుకుపోయింది, 52 ఏళ్లకి. ఆయన నడక గురించే మాట్లాడాడనడం అన్యాయం. బీమా కంపెనీ ఒక మనిషికి జీవితం మొత్తంలో ఇచ్చే వైద్య ఖర్చు పరిమితిని పది లక్షల డాలర్ల నుంచి కోటికి పెంచాలని పోరాడాడు. ఆయన భార్య డేనా 1999లో మొదలుపెట్టిన గ్రాంట్లు రోజువారీ బతుకు బాగుపడడానికి ఇచ్చినవే. ఇక ఆశంటారా, అది లేకపోతే తెల్లవారుజామున మూడింటి అలారానికి నేను లేవలేను.

నాలుగు చక్రాలు:
అమ్మా, ఆశ మీది, మంచం ఆయనది. అసలు ఆయనకి కుర్చీ కొన్నారా?

పెరంబూర్ పద్మజ:
అది మీకెందుకు?

నాలుగు చక్రాలు:
ఎందుకా? మా నాన్న నాలుగేళ్లు నాకు కొనలేదు కాబట్టి. కుర్చీ కొంటే ఇక అంతేనని ఒప్పుకున్నట్టట! స్టెమ్‌సెల్ వైద్యం అని ఒక క్లినిక్ చుట్టూ తిప్పి రెండెకరాలు అమ్మాడు. ఇంటికొచ్చినవాళ్లందరూ సూపర్‌మ్యాన్ కథ చెప్పేవాళ్లు. ఆ నాలుగేళ్లూ నేను చూసింది ఫ్యాను. మీలాంటివాళ్ల ప్రేమకి భయమేస్తుంది నాకు.

సూళ్లూరుపేట శీను:
2000లో రీవ్ చూపుడువేలు కదిపాడుగా అన్నా?

నాలుగు చక్రాలు:
కదిపాడు. ఆ ఖర్చులో మా వీధి మొత్తానికి ర్యాంపులొస్తాయి.

కోడంబాక్కం పాతకాపు:
చూశారా, మళ్లీ డబ్బు దగ్గరికే వచ్చాం.

పెరంబూర్ పద్మజ:
కొన్నానండీ. రెండేళ్లయింది. ప్లాస్టిక్ కవరు కూడా విప్పనివ్వలేదు ఆయన. ఇస్త్రీ బట్టలు పెట్టుకుంటున్నాను దాని మీద. మీ ఇంట్లో వద్దన్నది మీ నాన్న, మా ఇంట్లో వద్దంటున్నది ఆయనే. 'వచ్చే ఏడాదికి నడుస్తాను పద్దూ' అంటారు, నేను ఊఁ అంటాను. ఆ ఊఁ కూడా అనకూడదా? ప్రేమ చూస్తే భయమా మీకు? ఒక్క రాత్రి వచ్చి తిప్పండి.

వేళచ్చేరి వేణు:
అయ్యో, నేనేదో సినిమా గురించి అడిగాను. కాస్త నెమ్మదిగా అండీ.

నాలుగు చక్రాలు:
పద్మజ గారూ, మా నాన్నని అనాల్సింది మిమ్మల్ని అనేశాను. ఆయన పోయి మూడేళ్లయింది. కానీ ఊఁ అనకండి, ఆ మాట మాత్రం వెనక్కి తీసుకోను. ఏమీ అనకుండా ఊరుకోండి, అంతే. మీరు కొన్నది ఆసుపత్రి రకం పెద్ద కుర్చీయేనా? గుమ్మంలో పడుతుందా?

పెరంబూర్ పద్మజ:
ఊరుకుంటే 'ఏం, నమ్మకం లేదా' అంటారు. అప్పుడేం చెప్పమంటారు?

పెరంబూర్ పద్మజ:
ఇప్పుడే టేపు పెట్టి కొలిచాను. కుర్చీ 26 అంగుళాలు. బాత్రూం గుమ్మం 24.