‘అన్‌నోన్ ప్లెజర్స్’ ధ్వని ఎవరిది: బృందానిదా, మార్టిన్ హానెట్‌దా?

గోదారిగట్టు:

ఇంగ్లండు రాక్ బృందం జాయ్ డివిజన్ తొలి ఆల్బమ్ గురించి మిత్రులతో మొదలైన వాదన ఎంతకీ తెగలేదు గనుక ఇక్కడ పెడుతున్నాను. 1979 ఏప్రిల్‌లో, మాంచెస్టర్‌ను ఆనుకొని ఉన్న స్టాక్‌పోర్ట్‌లోని స్ట్రాబెర్రీ స్టూడియోలో, మూడు వారాంతాలలో ‘అన్‌నోన్ ప్లెజర్స్’ను రికార్డు చేశారు. జూన్‌లో అది ఫ్యాక్టరీ రికార్డ్స్ ద్వారా బయటికి వచ్చింది. వేదిక ఎక్కితే చెవులు గింగురుమనేలా వాయించే ఈ నలుగురి పాటల్లో గిటారు వెనక్కి తగ్గిపోయి, డ్రమ్ములు ఎవరూ లేని గోదాములో మోగుతున్నట్టు వినిపించడానికి కారణం ప్రొడ్యూసర్ మార్టిన్ హానెట్. (ప్రొడ్యూసర్ అంటే మన సినిమాల్లోలాగా డబ్బు పెట్టేవాడు కాదు, రికార్డింగులో ధ్వనిని తీర్చిదిద్దేవాడు. డబ్బు భారం మోసినవాడు ఫ్యాక్టరీకి చెందిన టోనీ విల్సన్.) గిటారిస్టు బెర్నార్డ్ సమ్నర్, బేస్ గిటారు వాయించిన పీటర్ హుక్ ఇద్దరూ ఈ ధ్వని తమకు నచ్చలేదని తరువాత బాహాటంగానే చెప్పారు. పాట కట్టినవారికే నచ్చని రూపంలో దానిని వారి పేరుతో అచ్చువేయడం సబబేనా? కాదని నా అభిప్రాయం.

మిక్సింగ్‌గది:

నేను హైదరాబాదులో శబ్ద విభాగంలోనే పనిచేస్తాను, కాబట్టి పక్షపాతం ఉందనుకుంటే అనుకోండి. హానెట్ కొన్ని పాటలకు స్టీఫెన్ మోరిస్ చేత డ్రమ్ములను ఒక్కొక్కటిగా, విడివిడిగా వాయింపజేశాడు. స్నేర్ అనే డ్రమ్ము ముందున్న మైకులోకి పక్కనున్న సింబల్ (లోహపు పళ్లెం) శబ్దం కారితే, దానిని మా వాళ్లు లీకేజీ అంటారు, ఆ తరువాత ఏ దెబ్బనూ వేరుగా తీసి మలచడం కుదరదు. దెబ్బ ఒంటరిగా దొరికితే దానిని డిజిటల్ డిలే, అంటే శబ్దాన్ని కాస్త ఆలస్యంగా తిరిగి వినిపించే పరికరం, గుండా పంపి, గోడలు ఎంత దూరంలో ఉన్నాయో మనమే నిర్ణయించవచ్చు. మద్రాసులో ఒకప్పుడు వాద్యబృందమంతా ఒకే హాలులో కూర్చొని, ఒకరు తప్పితే అందరూ మళ్లీ మొదలుపెట్టిన రోజులతో పోల్చి చూస్తే ఇది ఎంత వేరైన పనో అర్థమవుతుంది. పాత పద్ధతిలో ఆ గదిలోని గాలి మీకు దక్కుతుంది, హానెట్ పద్ధతిలో లేని గది ఒకటి పుడుతుంది. ‘ఇన్‌సైట్’లో గాయకుడు ఇయాన్ కర్టిస్ గొంతును టెలిఫోన్ తీగ మీదుగా పంపి రికార్డు చేసింది కూడా ఆ దూరం కోసమే. ఆ పాట పాడుతున్నవాడు మన పక్కన నిలబడి ఉంటే దానికి అర్థమే లేదు.

ఇంకొక మాట: నచ్చనివారు ఇద్దరు సరే, నచ్చినవారి సంగతి? కర్టిస్‌కూ మోరిస్‌కూ ఈ ఫలితం బాగానే ఉందనిపించిందని చెప్పినది స్వయంగా హుక్. నలుగురున్న బృందంలో ఇద్దరి అసంతృప్తిని బృందం తీర్పుగా చూపడం సరికాదు.

పాతక్యాసెట్:

మిక్సింగ్‌గది గారూ, పద్ధతి గొప్పదే, ఒప్పుకుంటాను. కానీ ‘షీజ్ లాస్ట్ కంట్రోల్’ను రెండు రూపాల్లో ఒకదాని వెంట ఒకటి వినండి. 1979 జనవరి చివర బీబీసీ రేడియోలో జాన్ పీల్ కార్యక్రమానికి రికార్డు చేసిన రూపంలో నలుగురు మనుషులు ఒకరినొకరు చూసుకుంటూ వాయిస్తున్నారని తెలుస్తుంది. రెండున్నర నెలల తరువాత ఆల్బమ్‌లో అదే పాటలో డ్రమ్ము దెబ్బ రేకు మీద పడినట్టు పొడిగా తగిలి, ప్రతిధ్వనితో ఎటో వెళ్లిపోతుంది. అది బాగుంటే బాగుండవచ్చు, కానీ ఆ నలుగురూ ఏరీ? అదే ఏడాది డిసెంబరులో పారిస్‌లో చేసిన కచేరీ 2001లో రికార్డుగా వచ్చింది; అందులో ‘డిసార్డర్’ మొదలైన తీరు వింటే హుక్ దేనికోసం బాధపడ్డాడో వేరే చెప్పనక్కరలేదు.

నల్లచొక్కా:

ధ్వని గురించి ఇంత వాదిస్తున్నారు గానీ, ఈ ఆల్బమ్‌కు ఇంత పేరు వచ్చింది పాటల వల్లనేనా? మొదట వేసినవి 10,000 ప్రతులు. పత్రికల్లో మెచ్చుకున్నవారు ఉన్నారు, కానీ ప్రధాన బ్రిటిష్ ఆల్బమ్ అమ్మకాల పట్టికలో దీనికి చోటు దొరికింది 1980 ఆగస్టులో, అదీ 71వ స్థానం. అప్పటికి కర్టిస్ చనిపోయి మూడు నెలలు. తరువాత పీటర్ సావిల్ రూపొందించిన అట్ట, అంటే సీపీ 1919 అనే పల్సార్ (లయబద్ధంగా రేడియో తరంగాలు పంపే నక్షత్రం) తరంగాల గీతలు, చొక్కాల మీదికి ఎక్కి ప్రపంచమంతా తిరిగింది. నేనూ ఆ చొక్కా వేసుకునే తిరిగాను. పాటలు విన్నది ఆ తరువాతే.

మిక్సింగ్‌గది:

నల్లచొక్కా గారూ, మరణం వినికిడిని మార్చిందన్నది నిజం, దానిని కాదనను. అయితే మెలొడీ మేకర్ పత్రికలో జాన్ సావేజ్ ఈ ఆల్బమ్‌ను ఆకాశానికెత్తిన నాటికి కర్టిస్ బ్రతికే ఉన్నాడు, చొక్కా ఇంకా పుట్టలేదు. ఆ సమీక్షకుడు విన్నది ఈ శబ్దాన్నే.

పాతక్యాసెట్ గారి పోలిక మీద కూడా ఒక అభ్యంతరం ఉంది. కచేరీ రికార్డునూ స్టూడియో రికార్డునూ ఒకే పరీక్షకు పెట్టడం న్యాయం కాదు. కచేరీకి వెళ్లినవాడు ఊగిపోవాలి; గదిలో ఒంటరిగా కూర్చొని వినేవాడికి కావలసింది అది కాదు. చివరి పాట ‘ఐ రిమెంబర్ నథింగ్’లో గాజు పగిలిన చప్పుడు ఎక్కడో వెనక వినబడుతుంది. గిటారు నిండుగా మోగుతూ ఉంటే ఆ చప్పుడు మనదాకా వచ్చేదే కాదు. హుక్ కూడా ఏళ్లు గడిచాక హానెట్ చేసిన పనికి విలువనిచ్చాడని మరువవద్దు.

గోదారిగట్టు:

విలువనివ్వడం వేరు, ఆ రోజు అడిగి ఉంటే ఒప్పుకొని ఉండటం వేరు. నా ప్రశ్న రెండవదాని గురించి. అయినా మీరు చెప్పిన తరువాత నిన్న రాత్రి దీపం ఆర్పి, హెడ్‌ఫోన్లు పెట్టుకొని మొత్తం మళ్లీ విన్నాను. ‘ఇన్‌సైట్’ మొదట్లో వినబడే ఆ ఇనుప చప్పుడు స్టూడియో భవనంలోని లిఫ్టుదట. ఆ తలుపు మూసుకుంటున్నంతసేపూ పాట మొదలవుతుందా లేదా అని ఊపిరి బిగబట్టాను. ఆ పాటకూ చివరి పాటకూ హానెట్ చేసింది సరైన పనేనని ఒప్పుకుంటున్నాను. ‘డిసార్డర్’కు మాత్రం పారిస్ రికార్డే కావాలి నాకు.