దండారి డాక్యుమెంటరీ: రఫ్ కట్ గూడెంవారికి ఎప్పుడు చూపాలి?

ఉట్నూరు బాటసారి:
ఉట్నూరు ప్రాంతంలోని ఒక గోండు గూడెంలో దీపావళి రోజుల్లో జరిగే దండారి పండుగను, అందులో గుస్సాడీలనే వేషధారుల నృత్యాన్ని ఆ గూడెంవారితో కలిసి చిత్రించాలని మేము ముగ్గురం పనిచేస్తున్నాము. ఇద్దరు గోండు యువకులకు కెమెరా నేర్పుతున్నాము. పెద్దల చేత సమ్మతిపత్రాల మీద సంతకాలు కూడా తీసుకున్నాము. అయితే ఎడిటింగ్ హైదరాబాదులో జరుగుతుంది, చేసేది గోండీ రాని నేను. దీన్ని ఉమ్మడి చిత్రం అనవచ్చునా? రఫ్ కట్ (తుదిమెరుగులు దిద్దని తొలి కూర్పు) చూపించి వారు వద్దన్నవన్నీ తీసేస్తే చిత్రం నా చేయి దాటిపోతుందేమోనన్న భయం కూడా ఉంది.

పాత ఎడిటర్:
ముందు గోండీ సంగతి తేల్చుకోండి. భాష రాని ఎడిటర్, మనిషి ఊపిరి తీసుకున్న చోట మాట ముగిసిందనుకుని కోసేస్తాడు. ఒడిశాలో కువి మాట్లాడే ఒక ముసలమ్మ చెబుతున్న సామెతను నేను అలాగే సగంలో తెంపి, ఆమె ఉద్దేశించిన దానికి సరిగ్గా ఎదురు అర్థం వచ్చేటట్టు ఉపశీర్షిక వేశాను. ఆమె మనుమడు చూసి చెప్పేవరకు నాకు తెలియలేదు. ఎడిటింగ్ మొదలుపెట్టకముందే ప్రతి సంభాషణకూ టైమ్‌కోడ్‌తో (ఆ మాట వీడియోలో ఏ నిమిషం, ఏ సెకనులో వస్తుందో తెలిపే గుర్తుతో) సహా తెలుగు అనువాదం ఆ ఇద్దరు యువకుల చేతే రాయించండి, ఆ పనికి కూలి ఇవ్వండి.

నదీతీరం:
మీ భయానికి బ్రెజిల్ అనుభవం కొంత జవాబిస్తుంది. అక్కడ 1986లో చిత్రదర్శకుడు విన్సెంట్ కారెల్లి, ఆదివాసుల చేతికి వీడియోను అందించే ‘వీడియో నాస్ అల్డెయాస్’ (‘పల్లెల్లో వీడియో’) అనే ప్రయత్నం మొదలుపెట్టి, నంబిక్వారా అనే ఆదివాసులను చిత్రించి, ఆ దృశ్యాలను వారికే చూపించినప్పుడు, తాము మరీ ఎక్కువ బట్టలు వేసుకుని కనిపిస్తున్నామని వారు అసంతృప్తి చెంది, తమకు నచ్చిన అలంకరణతో మళ్ళీ చిత్రింపజేసుకున్నారు. అంతటితో ఆగక, ఎన్నో ఏళ్ళుగా మానేసిన ముక్కు, పెదవి కుట్టించుకునే ఆచారాన్ని ఎవరూ అడగకుండానే కెమెరా ముందు జరిపారు. అది కల్పితమనేవారు ఉండవచ్చును గాని, నా దృష్టిలో చిత్రం అక్కడే వారిదయింది.

పేర్ల విషయం కూడా ఇప్పుడే రాసుకోండి. అక్వెసాస్నే అనే చోటి మొహాక్ ఆదివాసులు వంతెన దగ్గర జరిపిన నిరసన మీద కెనడా నేషనల్ ఫిల్మ్ బోర్డు 1969లో విడుదల చేసిన చిత్రానికి, మొహాక్ దర్శకుడైన మైకేల్ కనెంటకెరాన్ మిచెల్ పేరు దర్శకుడిగా చేరడానికి 2017 దాకా పట్టింది.

జహీరాబాదు వాసి:
మా పస్తాపూర్‌లో డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ ద్వారా వీడియో నేర్చుకున్న దళిత మహిళా రైతులు, పైనుంచి కిందికి చూపే షాట్‌ను, భూస్వామి చూపులా ఉంటుందని ‘పటేల్ షాట్’ అనీ, కెమెరాను ఎదుటి మనిషి కళ్ళ ఎత్తులో పెట్టి తీసేదాన్ని, తమ మహిళా సంఘంలో అందరూ సమానమే కనుక ‘సంఘం షాట్’ అనీ పిలుచుకున్నారు. (గోండు గూడెంలో పటేల్ అంటే వారి సొంత ఊరిపెద్దే కనుక, ఈ మాట అక్కడ చెప్పేటప్పుడు కాస్త జాగ్రత్త.) మీ యువకులకు షాట్ల పేర్లు ఇంగ్లీషులో నేర్పకుండా, గోండీలో వారినే పెట్టుకోనివ్వండి.

ఉట్నూరు బాటసారి:
అందరికీ కృతజ్ఞతలు. అనువాదం పని రేపే మొదలుపెడతాము, దర్శకుల పేర్లు ఒప్పందంలో చేరుస్తాము. ఒక్క సందేహం మిగిలింది: ‘ఈ దృశ్యం వద్దు’ అని చెప్పడానికి వారికి ఎంతవరకు గడువు ఇవ్వాలి?

పాత ఎడిటర్:
కనీసం సౌండ్ మిక్సింగ్ (మాటలు, సంగీతం, ఇతర ధ్వనులు కలిపి సరిచేసే చివరి దశ పని) మొదలయ్యేవరకు. ఆ తరువాత చూపిస్తే, మార్పుకు మీకు ఎంత ఖర్చవుతుందో వారే లెక్క వేసుకుని, మొహమాటానికి బాగుందంటారు.