యానాం దేశమైతే ప్రపంచంలో ఎన్నో చిన్న దేశం? సంక్రాంతి క్విజ్‌కి ప్రశ్నలు కావాలి

లంకకుర్రాడు (ముమ్మిడివరం):

అందరికీ నమస్కారం. సంక్రాంతికి మా ఊళ్ళో లైబ్రరీ దగ్గర పిల్లల్నీ పెద్దల్నీ కలిపి క్విజ్ పెడుతున్నాం, చిన్న దేశాల రౌండ్ నా నెత్తిన పడింది. రాజధాని ఏది, కరెన్సీ ఏది లాంటివి వద్దండి, అవి మా ఎనిమిదో తరగతి వాళ్ళు నిద్రలో లేపినా చెప్పేస్తారు. వెనకాల ఏదో ఒక కథ ఉన్నవి చెప్పండి.

ఇంకో సంగతి, మా బావది యానాం. "మాది గనక దేశమై ఉంటే ప్రపంచంలో అయిదో చిన్న దేశం" అని పందెం కాస్తున్నాడు, ఎవరింట్లో భోజనాలైనా ఇదే గోల. నిజమేనా? అలాగే చుట్టూ ఒకే దేశం ఉన్న దేశాలు ఎన్నో కూడా ఖాయంగా చెప్పండి, నా దగ్గరున్న గైడులో లెసోతో ఒక్కటే అని వేశాడు.

గౌతమిగట్టు (యానాం):

పందెం డబ్బులు ఇచ్చెయ్యండి, మీ బావ గెలిచాడు. యానాం 30 చదరపు కిలోమీటర్లు. అంతకంటే చిన్న దేశాలు నాలుగే. వాటికన్ అర చదరపు కిలోమీటరు కూడా ఉండదు, మొనాకో రెండు పైచిలుకు, నౌరు 21, తువాలు 26. ఆ తర్వాత వచ్చే శాన్ మారినో ఏకంగా 61. మధ్యలో ఖాళీ మాదే, ఆయ్!

కానీ జనాభా దగ్గర ఆయన్ని పట్టుకోవచ్చు. 2011 లెక్కల్లో యానాం జనం 55,626. శాన్ మారినో, మొనాకో, లీచ్టెన్‌స్టైన్, పలావు, వీటిలో ఏ ఒక్కదానిలోనూ అంతమంది లేరు. అంచేత చిన్నది అంటే నేలలోనా జనంలోనా అన్నది ప్రశ్నలోనే రాసెయ్యండి, లేకపోతే మైకు దగ్గర కొట్టుకుంటారు.

మొత్తం కోనసీమ జిల్లా తీసుకుంటే దాదాపు మారిషస్ అంత ఉంటుంది, అది 2,040 చదరపు కిలోమీటర్లు. అక్కడ ఉగాదికి ప్రభుత్వ సెలవు. మన కోరంగి రేవులో ఓడెక్కి చెరుకు తోటల పనికి వెళ్ళినవాళ్ళ వారసులు ఇప్పటికీ అక్కడున్నారు మరి. ఉగాదికి సెలవిచ్చే విదేశం ఏది అని అడిగి చూడండి, ఎంతమంది అమెరికా అంటారో!

సోషల్‌మాస్టారు (పాలకొల్లు):

బాబూ, ఆ గైడు పక్కన పడెయ్యి. మూడు ఉన్నాయి, లెసోతో, శాన్ మారినో, వాటికన్. గాంబియాని కూడా కొందరు చేరుస్తారు గానీ దానికి ఒక పక్క సముద్రం ఉంది, కుదరదు.

అయితే పేర్లు అడిగి వదిలెయ్యకు. చుట్టూ ఉన్న పెద్ద దేశం వీటిని ఎందుకు మింగెయ్యలేదో అడుగు, నేను క్లాసులో అదే అడిగేవాణ్ణి. లెసోతో సంగతే చూడు, బోయర్లు, అంటే అక్కడ స్థిరపడ్డ డచ్చి సంతతి రైతులు, భూములు లాక్కుంటూ వస్తుంటే మొషోషో అనే రాజు ఇక తట్టుకోలేమని 1868లో బ్రిటిష్ వాళ్ళ రక్షణలోకి వెళ్ళిపోయాడు, అందుకే 1910లో దక్షిణాఫ్రికా ఒక్కటిగా ఏర్పడినప్పుడు ఇది అందులో కలవలేదు, 1966లో సొంతంగా స్వాతంత్ర్యం తెచ్చుకుంది. ఆ దేశంలో అన్నిటికంటే పల్లపు చోటు కూడా సముద్రమట్టానికి 1,400 మీటర్ల ఎత్తున ఉంటుంది, ఏటిగట్టునే ఎత్తు అనుకునే మన పిల్లలకి ఇది చెబితే నోరెళ్ళబెడతారు. పైగా కొండల్లో ఆనకట్టలు కట్టి ఆ నీళ్ళు దక్షిణాఫ్రికాకే అమ్ముకుంటున్నారు.

శాన్ మారినోది ఇంకో తెలివి. 1797లో నెపోలియన్ ఇంకొంత భూమి ఇస్తానంటే వద్దన్నారు. పెద్దదైతే పక్కవాడి కన్ను పడుతుందని వాళ్ళకి తెలుసు. 1849లో ఇటలీని ఏకం చెయ్యడానికి పోరాడిన గారిబాల్దీ శత్రువుల నుంచి పారిపోయి వస్తే చోటిచ్చారు, ఆ తర్వాత ఇటలీ ఏకమైనప్పుడు వీళ్ళ జోలికి ఎవరూ రాలేదు. దేశాధినేతలు ఒకేసారి ఇద్దరుంటారు, పదవి ఆరు నెలలే. మన పంచాయతీలో ఆ రూలు పెడితే ఎలా ఉంటుందో నువ్వే ఊహించుకో.

ఎరువులకొట్టు (రావులపాలెం):

నౌరు గురించి ఒక్క ముక్కతో సరిపెట్టేశారు, నాకు బాధేసింది. మేము అమ్మే సరుకుతోనే ఎదిగి, దానితోనే చితికిపోయిన దేశం అది. సూపర్ ఫాస్ఫేట్ చెయ్యాలంటే రాక్ ఫాస్ఫేట్ కావాలి కదా, ఆ దీవి నడుమంతా అదే. సిడ్నీలో ఒక కంపెనీ ఆఫీసులో తలుపు మూసుకుపోకుండా అడ్డం పెట్టిన రాయిని 1900 ప్రాంతంలో ఆల్బర్ట్ ఎల్లిస్ అనే ఉద్యోగి పరీక్ష చేయిస్తే మేలు రకం ఫాస్ఫేట్ అని తేలింది. ఆ రాయి వచ్చింది నౌరు నుంచి! అక్కణ్ణించి తవ్వకాలు. ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ పొలాలు బలిశాయి, దీవి మాత్రం గుల్లయింది.

1968లో స్వాతంత్ర్యం వచ్చాక గనులు వాళ్ళ చేతికే వచ్చాయి, 1970ల్లో తలసరి ఆదాయంలో ప్రపంచంలోనే ముందు వరుసలో నిలబడ్డారు. మెల్‌బోర్న్‌లో 52 అంతస్తుల భవనం కట్టారు. తర్వాత ఫాస్ఫేట్ అడుగంటింది, పెట్టుబడులు ముంచాయి, 2004లో ఆ భవనమూ అమ్మేశారు. ఇప్పుడు దీవి నడుమ పంట పండని సున్నపురాయి మొనలే మిగిలాయి, మనుషులంతా అంచున సముద్రం పక్కన ఉంటారు. స్వాతంత్ర్యానికి ముందు తవ్వేసిన నేల సంగతి తేల్చమని అప్పట్లో తమని పాలించిన ఆస్ట్రేలియా మీద అంతర్జాతీయ న్యాయస్థానానికి కూడా వెళ్ళారు, 1993లో రాజీ అయింది. మీకు చిక్కు ప్రశ్న కావాలంటే, అధికారికంగా రాజధాని లేని దేశం ఏది అని అడగండి, జవాబు నౌరే. యారెన్ అని చాలామంది రాస్తారు, అది ప్రభుత్వ ఆఫీసులున్న జిల్లా, అంతే.

లంకకుర్రాడు:

మాస్టారూ, ఎరువుల గారూ, మీకు వెయ్యి దండాలు. తువాలు మీద "సముద్రంలో మునిగిపోతున్న దేశం ఏది" అని రాసుకున్నాను, పర్లేదా?

అంతర్వేదివాసి:

అలా రాయకండి. సముద్రం పక్కన బతికేవాళ్ళుగా మనకైనా తేడా తెలియాలి. తువాలులో నేల అయిదు మీటర్ల ఎత్తు దాటదు, ప్రమాదం ఉన్నమాట నిజం. కానీ 1971 నుంచి 2014 వరకు ఫోటోలు పోల్చి చూసిన పరిశోధకులకి ఆ దీవుల మొత్తం నేల దాదాపు 3 శాతం పెరిగినట్టు కనబడింది, అలలు పగడపు ఇసుకా గులకరాళ్ళూ తెచ్చి పోస్తున్నాయి కాబట్టి. అలాగని భయం లేదనీ కాదు. పెద్ద పోటు వచ్చినప్పుడు ఉప్పునీరు కిందనుంచి ఊరుతుంది, పులక అనే దుంప పండించే గుంటలు చెడిపోతాయి. నేల కొలతలో పెరిగినా అందులో పంట రాకపోతే ఏం లాభం? ఉప్పుతేలిన చేను ఉన్నవాడికి ఇది వేరే చెప్పక్కర్లేదు. 2023లో ఆస్ట్రేలియాతో ఒప్పందం చేసుకున్నారు, దాని కింద ఏటా 280 మంది అక్కడికి వెళ్ళి స్థిరపడొచ్చు.

మీ రౌండుకి ఇంతకంటే మంచిది, వెబ్‌సైట్ల పేర్ల చివర వచ్చే "డాట్ టీవీ" ఏ దేశానిది అన్నది. తువాలుకి ఇంటర్నెట్‌లో కేటాయించిన గుర్తు అది. టీవీ కంపెనీలూ వీడియోల వాళ్ళూ దానికోసం ఎగబడతారు, ఆ ఆదాయం ఖజానాకి పెద్ద ఆసరా.

గౌతమిగట్టు:

ఇంకోటి గుర్తొచ్చింది, ఇది నాకు బాగా ఇష్టం. మన గౌతమి ఒడ్డున యానాంలో ఫ్రెంచి వాళ్ళుంటే పక్కనే ఇంజరంలో ఇంగ్లీషు కంపెనీ కొట్టు ఉండేది, ఎవరి జెండా వాళ్ళదే. పసిఫిక్‌లో ఒకచోట ఈ ఇద్దరూ కలిసి ఒకే దేశాన్ని ఏలారు, 1906 నుంచి 1980 దాకా! ఇప్పటి వనువాటు, అప్పట్లో న్యూ హెబ్రిడీస్. రెండు రకాల పోలీసులు, రెండు జైళ్ళు, రెండు రకాల స్కూళ్ళు, బయటి నుంచి వచ్చినవాడు ఏ చట్టం కింద ఉండాలో తనే ఎంచుకోవాలి. ఉమ్మడి కోర్టుకి పెద్ద జడ్జిని ఇద్దరిలో ఎవరు పెట్టినా రెండోవాడు ఒప్పుకోడని ఆ పని స్పెయిన్ రాజుకి అప్పజెప్పారు. అన్నదమ్ముల పొలం తగువులో కూడా ఇంత పేచీ చూడలేదు నేను. స్థానికులకి మాత్రం ఇటు బ్రిటిష్ పౌరసత్వమూ లేదు, అటు ఫ్రెంచిదీ లేదు, సొంత దేశంలోనే ఎటూ కాకుండా ఉండిపోయారు. ఈ చివరి ముక్క వదిలేసి నవ్వించే భాగమే చెప్పకండి.

రాజోలు_బహ్రెయిన్:

నేనుండే దేశం గురించి ఎవరూ రాయలేదే. బహ్రెయిన్ కూడా దీవుల దేశమేనండి, సౌదీకి 25 కిలోమీటర్ల వంతెన 1986లో వేశారు. ప్రశ్న ఇదిగో, రిజర్వ్ బ్యాంకు ఇండియాలో చెల్లని నోట్లు ఎవరికోసం వేసింది? గల్ఫ్ కోసం. అక్కడ మన రూపాయే నడిచేది, ఆ రూపాయలతో బంగారం దొంగ రవాణా ఎక్కువైపోవడంతో 1959లో రంగు మార్చి వేరే నోట్లు వేశారు. కువైట్ 1961లో, బహ్రెయిన్ 1965లో సొంత దినార్లు తెచ్చుకున్నాయి, 1966లో మన రూపాయి విలువ తగ్గించేసరికి ఖతర్ కూడా దాన్ని వదిలేసింది. దీన్ని పిల్లల రౌండులో పెట్టకండి, సెలవుకి వచ్చిన గల్ఫ్ వాళ్ళు ముందు వరుసలో కూర్చుంటారుగా, వాళ్ళని అడగండి.