దర్శి దగ్గర మా పాత రాతి ఇంటి చరిత్ర తెలుసుకోవడానికి సహాయం కావాలి

ప్రకాశం జిల్లా దర్శి దగ్గరి పల్లెలో మా ముత్తాతలు సేద్యం చేసుకుంటూ బతికిన రాతి మిద్దె ఒకటి ఉంది. గొర్రు, గుంటక, ఎద్దులతో బావి నీళ్లు తోడే కవిల బాన, పాత కాటా రాళ్లు అందులోనే పెట్టి, ఊరి పిల్లలు చూసి తెలుసుకునే చిన్న ప్రదర్శనశాలగా దాన్ని నిలబెట్టాలని మా అన్నదమ్ములం నిర్ణయించుకున్నాము. అయితే ఆ ఇల్లు ఎప్పటిదో ముందుగా తేలాలి.

వాకిలి పైరాతి మీద సున్నం పొరలు గీకితే "విక్రమ" అన్న మూడక్షరాలు, పక్కన ఒక నాగలి బొమ్మ కనిపించాయి. అరవై ఏళ్లకొకసారి వచ్చే తెలుగు సంవత్సరం పేరు కనుక అది 1820 కావచ్చు, 1880 కావచ్చు, 1940 కావచ్చు. 1931లో పుట్టిన మా తాతయ్య తన తండ్రి కూడా ఆ ఇంట్లోనే పుట్టాడని చెప్పేవారు కాబట్టి, 1940 కాదని నా నమ్మకం.

దర్శి ప్రాంతం ఒకప్పుడు వెంకటగిరి జమీందారీలో ఉండేది. 1970లో ఒంగోలు జిల్లా (ఇప్పటి ప్రకాశం) ఏర్పడేదాకా నెల్లూరు జిల్లాలో భాగం. జమీందారీ రద్దు చట్టం 1948లో వచ్చింది. అంతకు ముందరి శిస్తు లెక్కలు, గ్రామ పటాలు ఎక్కడ దొరుకుతాయో, వాటికి అర్జీ ఎలా పెట్టుకోవాలో, అలాంటి పని చేసిన పెద్దలు దయచేసి చెప్పగలరా?

మరొక సందేహం. గోడలకు సిమెంటు పూయమని మేస్త్రీ అంటున్నాడు. సిమెంటు తడిని లోపలే బంధించి పాత సున్నపు గోడను పాడుచేస్తుంది కనుక నేను ఒప్పుకోలేదు. గానుగ సున్నం (గానుగలో నూరిన సున్నం) పని తెలిసినవారు మన వైపు ఇంకా ఉన్నారా?