అప్‌డేట్: నా కథలోని భూశక్తి యంత్రానికి దారి దొరికింది

భూమిలో దాగిన శక్తిని లాగే మాయాయంత్రం ఒకటి నా కథలో ఉంది, అది ఏ శక్తితో నడిస్తే పాఠకులు నమ్ముతారు అని అడిగాను కదా. చాలామంది భూగర్భ వేడి అన్నారు. మంచి సలహానే. కానీ కిలోమీటరు లోతుకు పెరిగేది సుమారు 25-30 డిగ్రీలే. రష్యాలో 12 కిలోమీటర్లకు పైగా తవ్విన కోలా బోరు అడుగునా 180 డిగ్రీలే. నా కథానాయిక భుజాన మోసుకెళ్లే యంత్రానికి అది కుదరదు.

నన్ను పట్టేసింది ఇంకొకరు చెప్పిన నేల కరెంటు, అంటే సూర్యుడి నుంచి వచ్చే సౌర తుఫాను వేళ నేలలో పుట్టే కరెంటు. 1859 సౌర తుఫానులో అమెరికాలోని బోస్టన్, పోర్ట్‌లాండ్ టెలిగ్రాఫ్ ఆపరేటర్లు బ్యాటరీలు తీసేసి, తీగలో దానంతట అదే పుట్టిన కరెంటుతో మాట్లాడుకున్నారట. చదువుతుంటే ఒళ్లు గగుర్పొడిచింది!

ఇప్పుడు యంత్రమంటే రెండు రాగి మేకులు, మధ్య పొడవాటి తీగ. మేకులు ఎంత దూరంగా పాతితే అంత బలం. సౌర తుఫానుకు ఆకాశంలో మెరిసే ధ్రువకాంతి కనిపించిన రాత్రే అది మేలుకుంటుంది. మంత్రం పనల్లా ఆ కరెంటును తెల్లారేదాకా పట్టి ఉంచడమే. రెండో మేకు దగ్గర ఇంకో మనిషి కావాలి కాబట్టి తమ్ముడి పాత్ర పుట్టింది, కథకే ప్రాణం వచ్చింది.

సలహా ఇచ్చినవారికి చాలా థాంక్స్. సౌర తుఫాను మధ్యలో తీగ తెగితే ఏమవ్వాలో ఇంకా తేల్చలేదు, ఆలోచన ఉంటే చెప్పండి.